ఏ కంటితో చూస్తే ఏ రంగు?

"వర్ణశ్రుతి" సీరియల్ ఆఖరి భాగం ఇంకా నా బల్ల మీదే ఉంది. ఉత్తరాలు మాత్రం ఆగడం లేదు. "కథ రాసింది మీరే కాబట్టి సందేహాలూ మీరే తీర్చండి" అని ఎడిటరు గారు ఒక కట్ట తెచ్చి నా ముందు పడేశారు. అన్నిటికీ జవాబు రాసే చోటు లేదు. తిట్లున్న ఉత్తరాలు పక్కన పెట్టాను, అవి నాకు బాగానే అర్థమయ్యాయి గనక.

కథ మధ్యలో వచ్చి చేరినవాళ్ల కోసం రెండు ముక్కలు. ఇందులో ఒక ముసలామె ఉంటుంది, అందరూ పెద్దమ్మ అంటారు. ఆమెకు ఆరుగురు శిష్యులు. వాళ్ల విద్య పేరు వర్ణశ్రుతి. తంబురా తీగలు సవరించినట్టు రంగుదారాలను పక్కపక్కన పేర్చి శ్రుతి కలుపుతారు. కుదిరితే ఎదురుగా ఉన్నది మారిపోతుంది. గోడ నాలుగు బారలు వెనక్కి జరుగుతుంది, మూసిన తలుపు తెరుచుకుంటుంది, ఎండిన బావిలో నీళ్ల చప్పుడు వినిపిస్తుంది. కుదరకపోతే కలిపినవాడి చూపులోంచి ఒక రంగు పోతుంది, మళ్లీ రాదు. ఇదంతా నా కల్పన. ఈ మాట ఇంకోసారి ఎందుకు చెప్పాల్సి వచ్చిందో కింది ఉత్తరాలు చదివితే మీకే తెలుస్తుంది.

ఇక నా సంగతి. ఇరవై ఆరేళ్లు అద్దకపు మిల్లులో షేడ్ మ్యాచింగ్ చేశాను. పార్టీ పంపిన గుడ్డముక్కలో ఏ రంగుందో అదే రంగు మా కొప్పెరలో తెప్పించడం నా పని. రచయితనయింది ఆ తర్వాతే.

ప్ర: మా వారికి ముక్కు మీద కోపం. పెద్దమ్మ విద్య ప్రకారం ఇంట్లో ఏ రంగు ఉంటే తగ్గుతుంది? నేను ఏ రోజు ఏ రంగు కట్టుకోవాలో కూడా చెప్పగలరు. (ఒక గృహిణి)

జ: అమ్మా, పెద్దమ్మ మొదటి సూత్రం మీరు మర్చిపోయారు. ఒంటరి రంగుకు బలం లేదు. ఒకే ఒక్క రంగు పూసి మనిషిని మారుద్దామని నిజంగానే ప్రయత్నించినవాళ్లున్నారు. 1979లో అమెరికా నావికాదళం వాళ్లు సియాటిల్‌లో ఒక ఖైదుగదికి చిక్కటి గులాబీ రంగు వేయించారు. ఆ గదిలో పదిహేను నిమిషాలు కూర్చోబెడితే చాలు, ఎంత దూకుడు మనిషైనా మెత్తబడుతున్నాడని చెప్పారు. ఆ మాట నమ్మి చాలా జైళ్లు గులాబీ రంగు పూసుకున్నాయి. తర్వాత జాగ్రత్తగా పరీక్షలు చేస్తే అలాంటి ఫలితమేమీ నిలబడలేదు. మీ వారిని కూడా ఒక పావుగంట పక్కగదిలో కూర్చోబెట్టి తలుపు వేస్తే, ఆయన సంగతేమో గానీ మీకు పావుగంట ప్రశాంతత దొరుకుతుంది. గోడ ఏ రంగైనా ఫరవాలేదు.

ఒకవేళ ఆ కోపం మాటలతో ఆగక చెయ్యెత్తేదాకా వస్తుంటే, దాన్ని ముక్కు మీద కోపం అనకండి. రంగుల కోసం చూడకండి, నలుగురు మనుషుల్ని పిలవండి.

ప్ర: ఆరో భాగంలో ఒక శిష్యుడు నల్లదారం బాగాలేదని పారేస్తాడు. పెద్దమ్మ వాణ్ణి తిట్టి, దారం వెనక్కి తెప్పిస్తుంది. నలుపులో లోపం లేకపోతే గోడ ఎందుకు కదల్లేదు? (డిగ్రీ విద్యార్థిని)

జ: పక్కన నీలం ఉంది గనక. ఈ ఘట్టం నేను పూర్తిగా అల్లింది కాదమ్మాయీ. షెవ్రూల్ అని ఫ్రెంచి రసాయన శాస్త్రవేత్త ఒకాయన ఉండేవాడు. 1824లో ఆయన్ని పారిస్‌లో గోబెలాఁ అనే చిత్రపటాల నేతశాలలో అద్దకాల విభాగానికి పెద్దగా వేశారు. చేరీ చేరగానే ఒక ఫిర్యాదు. మీ నల్లరంగు బలంగా లేదు, నీలం, ఊదా మడతల మధ్య నీడ కోసం నలుపు నేస్తే వెలవెలబోతోంది అన్నారు. ఆయన వేరే చోట్ల అద్దిన నల్లని ఉన్ని తెప్పించి తమ నలుపుతో పోల్చి చూశాడు. తమది ఎందులోనూ తీసిపోలేదు. తప్పు కొప్పెరలో లేదు, పక్క దారంలో ఉంది. కన్ను ఒక రంగు చూస్తున్నప్పుడు దానికి ఎదురు రంగును పక్కదాని మీద చల్లుతుంది. నీలం పక్కన నలుపు మీద నారింజ జీర పడి అది తుప్పు పట్టినట్టు కనిపిస్తుంది. ఆయన ఈ సంగతి మీద ఏళ్ల తరబడి కూర్చుని 1839లో లావుపాటి పుస్తకం వేశాడు. 102 ఏళ్లు బతికాడు కూడా.

నమ్మకం కుదరకపోతే ఇంట్లోనే చూడు. ఒకే బూడిదరంగు కాగితంలోంచి అగ్గిపెట్టె అంత ముక్కలు రెండు కత్తిరించు. ఒకటి ఎర్రకాగితం మీద, ఒకటి ఆకుపచ్చ కాగితం మీద పెట్టు. ఎర్రదాని మీది ముక్కకి పచ్చజీర, పచ్చదాని మీది ముక్కకి ఎర్రజీర వస్తాయి. అంత స్పష్టంగా తెలియలేదా? రెండిటి మీదా పల్చని తెల్లకాగితం, అవతలిది కొంచెం కనిపించేలాంటిది, కప్పు. రంగులు మసకబారాయి గనక తేడా తగ్గాలి కదా? పెరుగుతుంది. మొదటిసారి చూసినప్పుడు నేను కాగితం ఎత్తి ఎత్తి కింద ఎవరైనా ముక్కలు మార్చారేమోనని చూశాను. పెద్దమ్మ తన దారాల మీద మంచుపొర లాంటి గుడ్డ ఎందుకు కప్పుతుందని ఇంకో ముగ్గురు అడిగారు. వాళ్లకూ ఇదే జవాబు.

ప్ర: పన్నెండో భాగంలో ఒక శిష్యురాలు దీపం వెలుతురులో రెండు దారాల శ్రుతి కలిపి తలుపు తెరిచింది. తెల్లారాక అవే దారాలు, అదే తలుపు, అదే పిల్ల. తెరుచుకోలేదు. నేను నలభై ఏళ్లు పాఠాలు చెప్పాను. ఒకే సమీకరణానికి రాత్రి ఒక జవాబు, పగలు ఒక జవాబు రావు. మీరు మర్చిపోయి రాసుంటారు. (రిటైరైన లెక్కల మాస్టారు)

జ: మాస్టారూ, ఈ ఒక్కచోట మర్చిపోలేదు. నా ఉద్యోగం ఊడగొట్టబోయిన సంగతి అది. మర్చిపోదామన్నా పోదు.

మిల్లులో చేరిన మొదటి ఏడాది. పార్టీ శాంపిలు జానెడు గుడ్డముక్క. బూడిద కాదు, ఆకుపచ్చ కాదు, ఎండిన నాచు రంగు. రాత్రి షిఫ్టులో ట్యూబులైటు కింద కూర్చుని మూడు రంగుల పాళ్లు మార్చి మార్చి అయిదోసారికి కుదిర్చాను. వాళ్ల ముక్కనీ నా ముక్కనీ అంచుకి అంచు ఆనిస్తే మధ్యలో గీత కనపడలేదు. గీత కనపడకపోతే మా లెక్కలో మ్యాచ్ అయినట్టే. సంతకం పెట్టి, లాటంతా వేయించి, ఇంటికెళ్లి పడుకున్నాను. పొద్దున పదింటికి మనిషొచ్చి లేపాడు. ఆరుబయట ఎండలో పరిచిన గుడ్డ ఎర్ర కొడుతోంది. దాని మీద పెట్టిన శాంపిలు ముక్క పచ్చ కొడుతోంది. ఒకటి ఇటుకపొడి, ఒకటి నాచు. మా డైయింగ్ మాస్టరు నన్ను ఒక్క మాట అనలేదు. రెండు ముక్కలూ నా చేతిలో పెట్టి గోదాం లోపలికీ బయటికీ నాలుగుసార్లు నడవమన్నాడు. లోపల రెండూ ఒకటే. గుమ్మం దాటితే వేరు. నాలుగోసారి గుమ్మంలో నిలబడి ముక్కల్ని సగం నీడలో, సగం ఎండలో పట్టుకున్నాను. నీడలో గీత లేదు, ఎండలో ఉంది. ఆ గుమ్మమే పన్నెండో భాగంలో తలుపయింది.

దీన్ని మెటామెరిజం అంటారు. మీకు లెక్కలోనే చెబుతాను. కంటి వెనక తెరలో రంగు పట్టే కణాలు మూడు రకాలు. వచ్చిన వెలుగంతా ఆ మూడు ఖాతాల్లో జమ పడుతుంది. మెదడుకు చేరేది ఆ మూడు మొత్తాలే, విడి పద్దులు కావు. ఒక గుడ్డలో మూడూ ఏడూ కలిసి పది, ఇంకో గుడ్డలో ఆరూ నాలుగూ కలిసి పది అనుకోండి. మూడు ఖాతాల్లోనూ మొత్తాలు సరిపోతే మెదడు రెండూ ఒకే రంగు అంటుంది. ఇప్పుడు దీపం మార్చండి. ఆ ట్యూబులైటులో కరువైన ఎర్ర కిరణాలు ఎండలో దండిగా ఉన్నాయి. అంటే ఒక పద్దుకి రెట్టింపు పడింది. మొదటి గుడ్డలో మూడు ఆరవుతుంది, ఏడు కలిస్తే 13. రెండోదానిలో ఆరు పన్నెండవుతుంది, నాలుగు కలిస్తే 16. మీ సమీకరణం ఎక్కడికీ పోలేదు మాస్టారూ, గుణకాలు మారాయి.

తర్వాత మిల్లుకి లైట్ బాక్సు వచ్చింది. ఒక మీట నొక్కితే పగటి వెలుగు, ఒక మీటకి దుకాణాల్లో వాడే ట్యూబు, ఇంకోదానికి పాతకాలపు పసుపు బల్బు. పగటి వెలుగు దీపం పేరు డీ65, అంటే సుమారు 6500 కెల్విన్ల తెలుపు. మూడింటి కిందా గీత కనపడకపోతేనే సంతకం. పెట్టె లోపలంతా ఏ జీరా లేని బూడిదరంగు పూసి ఉంటుంది, పక్కరంగు చూపును చెడగొట్టకుండా. పై ఉత్తరం రాసిన అమ్మాయి ఇది కూడా చదువుకోవచ్చు.

పదిహేనో భాగంలో అదే తలుపు అదే దారాలతో మిట్టమధ్యాహ్నం తెరిపించాను. అది మాత్రం నా తప్పే. మీరు పట్టుకోలేదు గానీ నాకు నిద్ర పట్టలేదు.

ప్ర: రాణి రంగును పెద్దమ్మ "దొంగరంగు" అంటుంది. నాకిష్టమైన రంగు అది. ఎందుకా పగ? (ఒక పాఠకురాలు)

జ: పగ కాదు, దానికి ఇల్లు లేదు. ఇంద్రధనస్సు ఈ చివరి నుంచి ఆ చివరిదాకా వెతకండి, రాణి రంగు దొరకదు. ఎరుపు ఒక కొస, ఊదా ఇంకో కొస. రెండు కొసల వెలుగూ కలిసి కంట్లో పడి, నడిమి ఆకుపచ్చ పడకపోతే, మెదడు ఆ రెంటినీ ముడేసి తన సొంతంగా ఒక రంగు పుట్టిస్తుంది. ఏ ఒక్క తరంగదైర్ఘ్యానికీ ఆ రంగు లేదు. కథలో కూడా అది ఎదుటివస్తువును కదిలించదు, కలిపినవాణ్ణే కదిలిస్తుంది. పందొమ్మిదో భాగంలో చిన్న శిష్యుడికి ఏమైందో గుర్తుందిగా. మీకిష్టమైతే వాడండి, దొంగ అందగత్తే.

ప్ర: ఇంద్రధనస్సులో రంగులు ఏడు. మీ పెద్దమ్మ ఎరుపు, పచ్చ, నీలం, తెలుపు, నలుపు అని ఐదే అంటుంది. స్వరాలు కూడా ఏడే కదా, శ్రుతి అని పేరు పెట్టి ఐదెందుకు? (సంగీతం నేర్చుకుంటున్న ఉద్యోగి)

జ: మీరు నవ్వుతారేమో గానీ, ఏడు అన్న లెక్క కూడా సంగీతం నుంచే వచ్చింది. న్యూటన్ గాజుపట్టకంలోంచి ఎండను పంపి చూసినప్పుడు మొదట ఐదు రంగులు చెప్పేవాడు. ఎరుపు, పసుపు, ఆకుపచ్చ, నీలం, ఊదా. తర్వాత నారింజ, ఇండిగో చేర్చి ఏడు చేశాడు, స్వరాల లెక్కకు సరిపోయేలా. 1704లో వచ్చిన ఆయన పుస్తకంలో రంగుల చక్రాన్ని స్వరాల మధ్య దూరాల ప్రకారమే భాగాలు చేశాడు. అసలు ఇంద్రధనస్సులో గీతలు లేవు, జారుడే ఉంది. ఎక్కడ గీత గియ్యాలన్నది చూసేవాడి ఇష్టం. న్యూటన్ గీతలు గియ్యడానికి ఒక స్నేహితుణ్ణి కూర్చోబెట్టుకున్నాడు, రంగుల తేడా పట్టడంలో నా కళ్లు అంత చురుకైనవి కావని తనే రాసుకున్నాడు. నాకు ఆ మనిషి మీద గౌరవం పెరిగింది అక్కడే.

పెద్దమ్మ ఐదు నా భాషలోంచి తీసుకున్నాను. మనకు పచ్చ అంటే చెట్టు ఆకూ పచ్చే, పండుటాకూ పచ్చే. తేడా చెప్పాల్సి వస్తే ఆకుపచ్చ, పసుపుపచ్చ అని ముందొక మాట తగిలిస్తాం. తొమ్మిదో భాగంలో "పచ్చ తీసుకురా" అంటే ఇద్దరు శిష్యులు రెండు వేర్వేరు దారాలు తెచ్చి జుట్లు పట్టుకున్నారు గుర్తుందా? ఇద్దరిదీ తప్పు లేదు. ఇంకో భాషలో ఈ కథ రాస్తే ఆ గొడవే ఉండదు. పైగా మనకు వర్ణం అంటే రంగూ, అక్షరమూ, కచేరీలో మొదట పాడేదీ. ఇన్ని అర్థాల మాట చేతిలో ఉండగా వదులుకోవడం నా వల్ల కాలేదు.

ప్ర: పొద్దు గుంకాక ఎర్రదారం ముట్టకూడదని నియమం పెట్టారు. శకునమా? (ఒక పాఠకుడు)

జ: శకునం కాదండీ, చూపు. ఎర్రపూల మొక్క ముందు సాయంత్రం ఒక అరగంట కుర్చీ వేసుకుని కూర్చోండి. పగలు పూలు మండుతుంటాయి, ఆకులు మసకగా ఉంటాయి. చీకటి పడేకొద్దీ పూలు నల్లబడతాయి, ఆకులు తేలతాయి. మసకవెలుతురులో మన కంట్లో పని చేసే కణాలు వేరు. వాటికి ఎరుపు దాదాపు ఆనదు, నీలం, ఆకుపచ్చల దగ్గర చురుకు. పుర్కిన్యే అనే చెక్ శాస్త్రవేత్త 1825లో దీని గురించి రాశాడు. కనిపించని దారంతో శ్రుతి ఎలా కలుపుతారు?

ప్ర: మీ సీరియల్లో పెద్దమ్మ ఒంటి మీద పచ్చజీర పడ్డ పసివాణ్ణి నీలిగాజు కింద పడుకోబెట్టి బతికిస్తుంది. మా పాప పుట్టి నాలుగు రోజులు. పచ్చకామెర్లంటున్నారు. నీలం సీసాలో నీళ్లు ఎండలో పెట్టి పట్టించమని తెలిసినవాళ్లు చెప్పారు. మీ అభిప్రాయం? (ఒక తండ్రి)

జ: ఈ ఉత్తరం చేరిన గంటలోనే ఆఫీసు నుంచి ఫోన్ చేసి ఆయన్ని డాక్టరు దగ్గరికి పంపాం. పాప బాగుంది. ఇంకెవరికీ ఈ ఆలోచన రాకూడదని వేస్తున్నాను.

నీలిగాజు ఘట్టం నిజంలోంచే పుట్టింది, తప్పు నాదే, సగం చెప్పి వదిలేశాను. ఇంగ్లండులో రోచ్‌ఫర్డ్ అనే చోట ఒక ఆసుపత్రిలో 1950లలో ఒక నర్సమ్మ ఎండ ఉన్నప్పుడు పసికందుల్ని తోటలోకి తీసుకెళ్లేది. ఒకరోజు ఒక బిడ్డను డాక్టర్లకు విప్పి చూపించింది. ఒళ్లంతా పసుపు తగ్గింది, దుప్పటి కొస కప్పి ఉన్న ముక్కోణం మేర మాత్రం చిక్కగా మిగిలింది. అక్కణ్ణుంచి మొదలై, 1958లో అక్కడి డాక్టర్లు వెలుగుతో కామెర్ల చికిత్స గురించి ప్రకటించారు. ఒంటికి పసుపు తెచ్చే బిలిరుబిన్ నీలం వెలుగును మింగుతుంది. మింగుతుంది గనకే పసుపుగా కనిపిస్తుంది. సుమారు 460 నానోమీటర్ల నీలం తగిలితే దాని అణువు ఆకారం మారి, శరీరం బయటికి పంపేయగల రూపానికి వస్తుంది. అందుకే ఆసుపత్రిలో కళ్లకు గంతలు కట్టి నీలి దీపాల కింద పడుకోబెడతారు. ఎంతసేపు అన్నది రక్తపరీక్ష చెబుతుంది.

నీలం సీసాకి, నీళ్లకి ఇందులో ఏ పాత్రా లేదు. నీళ్లలోకి రంగు గుణమేమీ దిగదు. నాలుగు రోజుల బిడ్డకు పాలు తప్ప నీళ్లు పట్టడమే ప్రమాదం. ఇంట్లో కిటికీ ఎండా చికిత్స కాదు. పుట్టిన ఇరవై నాలుగు గంటల్లోపే పసుపు కనిపించినా, అరికాళ్లదాకా దిగినా, బిడ్డ మత్తుగా ఉండి పాలు తాగకపోయినా ఆ నిమిషమే ఆసుపత్రికి వెళ్లాలి. ముదిరితే మెదడు దెబ్బతింటుంది.

రంగుదీపాలతో సర్వరోగాలూ నయమన్న వ్యాపారం కొత్తది కాదు. బొంబాయిలో పుట్టి అమెరికాలో స్థిరపడ్డ దిన్షా గడియాలీ అనే ఆయన 1920 నుంచి రంగు అద్దాల దీపపు యంత్రం ఒకటి అమ్మాడు. చాలామంది కొన్నారు. 1947లో అక్కడి కోర్టు ఆయన్ని దోషిగా తేల్చింది. నా కథ చదివి ఎవరైనా మీకు దారాలో సీసాలో అమ్మజూపితే, రచయిత తిట్టాడని చెప్పండి.

ప్ర: నాకు పదహారేళ్లు. కంటిపరీక్షలో చుక్కల పుస్తకం చూపించారు. అందరికీ అంకెలు కనిపించిన పేజీల్లో నాకు చుక్కలే కనిపించాయి. ఎరుపు, ఆకుపచ్చ తేడా సరిగ్గా తెలియదట. అమ్మ ఏడ్చింది. మీ సీరియల్ మొదటినుంచీ చదువుతున్నాను. పెద్దమ్మ నన్ను శిష్యుడిగా తీసుకుంటుందా? (ఇంటర్ విద్యార్థి)

జ: నాయనా, ముందు అమ్మకు చెప్పు, ఇది జబ్బు కాదు, ముదరదు. నీలాంటివాళ్లు మగవాళ్లలో నూటికి అయిదుగురి నుంచి ఎనిమిది మందిదాకా ఉంటారు, ఆడవాళ్లలో చాలా తక్కువ. ఆ జన్యువు ఎక్స్ క్రోమోజోము మీద ఉంటుంది. అది నీకు అమ్మ నుంచి వచ్చి ఉంటుంది గనక తన వల్లే అనుకుని ఏడ్చిందేమో కూడా. అందులో ఆవిడ చేసిందేమీ లేదు. కొన్ని ఉద్యోగాలకు ఈ పరీక్ష అడ్డొస్తుంది, అది నిజం. చదువులో దారి ఎంచుకునేముందే ఆ జాబితా చూసుకో, తర్వాత కాదు.

దీని గురించి మొదట వివరంగా రాసింది నీలాంటివాడే. జాన్ డాల్టన్, మీ రసాయనశాస్త్రం పుస్తకంలో పరమాణు సిద్ధాంతం దగ్గర పేరుంటుంది. ఒక జెరేనియం పువ్వు ఆయనకు పగలు ఆకాశనీలంగా, కొవ్వొత్తి వెలుగులో ఎర్రగా కనిపించేది. మిగతా అందరికీ ఎప్పుడూ ఒకటే పువ్వు. ఆయన తమ్ముడా అన్నా గుర్తులేదు, ఆ తోబుట్టువుకి మాత్రం ఈయనకు కనిపించినట్టే కనిపించేది. 1794లో దీని మీద సభలో చదివాడు. తన కంట్లోని ద్రవం నీలంగా ఉందేమో అనుకున్నాడు, చనిపోయాక కళ్లు తీసి చూడమని చెప్పి పోయాడు. 1844లో చూశారు. ద్రవం నీళ్లలా తేటగా ఉంది. ఆ కన్ను ముక్కలు దాచిపెట్టి ఉంచితే, 1995లో డీఎన్‌ఏ తీసి అసలు కారణం కనిపెట్టారు. మూడు రకాల కణాల్లో ఆకుపచ్చ వైపు రకం ఆయనకు లేదు. నూటయాభై ఏళ్లు ఆగి మరీ జవాబు తీసుకున్నాడు.

ఇంకొకటి. ఆకుపచ్చ వైపు కణాలు కొంచెం పక్కకు జరిగినవాళ్లు కొన్ని ఖాకీ చాయల మధ్య తేడా పట్టగలరని, మామూలు చూపున్నవాళ్లకు అవి ఒకటిగానే కనిపిస్తాయని పరీక్షించి చూశారు. మాస్టారికి చెప్పిన ఖాతాల లెక్కే. ఖాతాలు వేరైతే, అందరికీ పదీ పదీ అయిన చోట నీకు పదీ పదకొండూ రావచ్చు.

ఇప్పుడు నా సంగతి చెబుతాను, ఇది ఇదివరకు ఎక్కడా రాయలేదు. రిటైరవడానికి రెండేళ్ల ముందు నా బల్ల మీద పాసైన నీలాలు బయట ఫెయిలయ్యేవి. కనీసం ఫెయిలవ్వాల్సింది. కానీ ఒక్క ఫిర్యాదూ రాలేదు. ఎందుకంటే నా కింద పనిచేసే కుర్రాడు నేను సంతకం పెట్టిన ప్రతి నీలాన్నీ నేను టీకి వెళ్లినప్పుడు మళ్లీ పెట్టెలో పెట్టి చూసి, పాళ్లు సరిచేసి పంపేవాడు. నాకు తెలియనివ్వలేదు. ఆఖరిరోజు అల్మారా ఖాళీ చేస్తుంటే వాడి నోటుబుక్కు దొరికింది. నీలం లాట్ల నంబర్లు, పక్కన "సార్: పసుపు వైపు" అని ప్రతి వరసలోనూ. కంటి కటకం ముదిరి పసుపెక్కుతుంటే నీలం కిరణాలు లోపలికి రాకుండా ఆగిపోతాయి. అది మెల్లగా జరుగుతుంది గనక మనకు తెలియదు, లోకం మారినట్టు ఉండదు. పచ్చకామెర్లవాడికి లోకమంతా పచ్చ అని ఎన్నిసార్లు అన్నానో, నా సంగతే అని ఒక్కసారీ అనిపించలేదు.

మూడు నెలల క్రితం కుడికంటికి శుక్లం తీశారు. ఎడమకన్ను ఇంకా పాతదే. ఇప్పుడు నీకు జవాబు రాస్తున్న ఈ తెల్లకాగితం కుడికంటితో చూస్తే నీలి జీరతో చలిగా ఉంది. ఎడమకంటితో చూస్తే పాత దస్తావేజు. మధ్యలో ముక్కు తప్ప ఇంకేమీ లేదు. ఏది నిజం తెలుపు అని నన్ను అడగకు. పెద్దమ్మను అడిగితే, ముందు ఏ దీపం, పక్కన ఏముంది, ఎవరి కన్ను అని మూడు ప్రశ్నలు తిరగేసి అడుగుతుంది.

ఆరుగురు శిష్యుల్లో ఒకడు ఆఖరి భాగంలో వెళ్లిపోతున్నాడు. ఆ చోటులో నిన్ను పెడుతున్నాను. ఎర్రదారం, ఆకుపచ్చదారం నీ చేతికి ఇవ్వదు. అందరూ ఒకటే అంటున్న రెండు ఖాకీ దారాలు ఇస్తుంది.

ప్ర: పెద్దమ్మ చనిపోతుందా? దయచేసి చంపకండి. (పదకొండు ఉత్తరాలు, అన్నిట్లోనూ ఇదే)

జ: నాకూ తెలియదు, నిజంగా. ఆఖరి ఘట్టం దాకా వచ్చి ఆగిపోయాను. ఆమె ఒక ఖాళీ గోడ ముందు కూర్చుని ఉంటుంది. చేతిలో మిగిలింది తెల్లదారం ఒకటే. ఆ తెలుపు ఏ తెలుపో రాయాలి, దాన్నిబట్టే గోడ తెరుచుకోవడమో మూసుకోవడమో.

వచ్చే మంగళవారం ఎడమకంటికి కూడా ఆపరేషన్. కట్టు విప్పాక రెండు కళ్లకీ ఒకటే తెలుపు కనిపిస్తుందట. ఆ తర్వాత పాత తెలుపు చూద్దామన్నా నాకు దొరకదు. అందుకని నిన్న రాత్రి కుడికన్ను మూసుకుని, దారప్పోగు దీపం దగ్గర పట్టుకుని, అది ఎలా కనిపిస్తోందో ఒక్క వాక్యం రాసి పెట్టుకున్నాను. రెండో వాక్యం కట్టు విప్పాక.